నాన్న కొలతాడు

పొగరంటే తాళ్ళక్కదే పొగరు. ఆ మాట వెనకాల అనేవాళ్ళు చాలామంది ఉన్నారు కానీ, ఎదురుగా అన్నా ఆవిడ ఏమీ అనుకునేది కాదు. పైగా, "మరి? ఊరికే వస్తుందా పొగరు?" అనేది. ఆవిడ పేనిన తాడు ఇంతవరకు ఎక్కడా తెగలేదు. క్రేను దగ్గర తెగలేదు, పడవ దగ్గర తెగలేదు. ఒకసారి గాలివానకి సర్కసు డేరా లేచిపోతే గుంజలు విరిగాయి, గుడ్డ చిరిగింది, తాడు మాత్రం చెక్కుచెదరలేదు. సర్కసు మేనేజరు ఆ తాడు భుజాన వేసుకుని వచ్చి చూపిస్తే, ఆవిడ దాన్ని ఒకసారి చేత్తో నిమిరి, "గుంజలు మంచివి కొనుక్కోండి" అంది. అదీ మనిషి.

ఆ పొగరు పుట్టింటిది. నాన్న ఆస్తిలో అక్కాతమ్ముళ్ళిద్దరికీ సరిసమానంగా, ఏ గొడవా లేకుండా పంపకమైంది అదొక్కటే. మిగతాది కోర్టుకెక్కింది.

మిగతాది అంటే తాళ్ళ షెడ్డు. పైన రేకులు, కింద మట్టి నేల. వెడల్పు చూస్తే పక్కపక్కన రెండు మంచాలు పట్టవు. పొడవు చూస్తే ఆ చివర నిలబడ్డ మనిషి మొహం ఈ చివరికి ఆనదు. తాడు పేనడానికి కావలసింది ఆ పొడవే. ఒక చివర చక్రం తిప్పేవాళ్ళుంటారు. రెండోవాళ్ళు జనపనార నడుముకి చుట్టుకుని, చక్రం కొక్కేనికి కొస తగిలించి, వేళ్ళ సందున నార వదులుతూ వెనక్కి వెనక్కి నడుస్తారు. షెడ్డు ఎంత పొడవుంటే తాడు అంత పొడవు వస్తుంది. అంతకు మించి కావాలంటే అతుకు వెయ్యాలి. అతుకు అన్న మాట ఆ ఇంట్లో బూతుమాటతో సమానం.

చక్రం మోతలో అరిచినా వినపడదు కాబట్టి నాన్న ఒక పద్ధతి పెట్టాడు. నార చివరిదాకా లాగాక, అసలు పురి ఎక్కించే ముందు చక్రం దగ్గర ఉన్నవాళ్ళు నార మీద ఒక్క చరుపు చరుస్తారు. ఉన్నావా అని దాని అర్థం. అటు చివర ఉన్నవాళ్ళు రెండు చరుస్తారు. ఉన్నాను అని. ఆ రెండు చరుపులు చేతికి తగిలితేనే చక్రం మళ్ళీ కదలాలి. చిన్నప్పటి నుంచి తమ్ముడు చక్రం దగ్గర, అక్క అటు చివర. వాడికి నెత్తి మీద జుట్టు నెరిసినా ఆవిడకి ఇంకా చిన్నోడే. వాళ్ళిద్దరూ పనిలో ఉండగా నోటితో మాట్లాడుకున్నది తక్కువ. మాట్లాడుకోవలసినదంతా నార మీదే నడిచేది.

ఇక కొలతాడు సంగతి. నాన్న తను అమ్మే ప్రతి తాడునీ ఒకే తాడుతో కొలిచేవాడు. దాన్ని ఏటా వేడి నూనెలో ఊరబెట్టి, నీడలో ఆరబెట్టి, చక్రం పక్కన మేకుకి తగిలించేవాడు. "నా కొలతాడు అబద్ధమాడదు" అనేవాడు. వినేవాళ్ళు నవ్వేవాళ్ళు. పిల్లలిద్దరూ మాత్రం నమ్మారు. మరీ ఎక్కువ నమ్మారు, అదే వచ్చిన తంటా. ఆయన ఎవరినీ సలహా అడక్కుండా తన వీలునామా తనే రాసుకున్నాడు: చక్రం గుంజ దగ్గర్నుంచి నా కొలతాడు ఎక్కడిదాకా వస్తే అక్కడిదాకా అమ్మాయిది, అక్కణ్ణుంచి వెనక గోడ దాకా అబ్బాయిది. పాపం ఆయన ఉద్దేశం ఎవరి వాటా ఎంతో తెలియాలని, అంతేగాని మధ్యలో గీత గీసుకుని కొట్టుకు చావమని కాదు.

ఆయన పోయాక తమ్ముడు నార కొనడానికి పైఊళ్ళు తిరుగుతుంటే, మండే ఎండల్లో అక్క కొలిచి చూసింది. నార తడిపే నీళ్ళ తొట్టి దాటి వచ్చింది తాడు. సున్నంతో గీత గీసింది. తమ్ముడు తిరిగొచ్చేసరికి ముసురు పట్టింది. వాడూ కొలిచాడు. తాడు తొట్టికి ఇవతలే ఆగిపోయింది.

"అక్కా, తాడు సాగదీశావా?" అన్నాడు వాడు.

తాళ్ళవాళ్ళలో అంతకన్నా పెద్ద తిట్టు లేదు. సాగదీసిన తాడు చూపుకి పొడుగు, పనికి చచ్చు. దొంగ అంటే పడొచ్చు, అబద్ధాలకోరు అంటే పడొచ్చు, సాగదీశావంటే మాత్రం పడలేరు. ఆవిడ ఒంటికాలి మీద లేచింది.

"నేనా? నువ్వే కత్తిరించి ఉంటావు!"

నాన్న తాడు తడిస్తే ఒకలా, ఎండితే ఒకలా ఉంటుందేమోనన్న ఆలోచన ఇద్దరిలో ఒక్కరికీ రాలేదు. జనపనార తాడు తడిస్తే బిగుసుకుని పొట్టిదవుతుందని కొత్తగా పనిలో చేరిన కూలీకి కూడా మొదటి వారంలోనే చెప్పే మనుషులు వాళ్ళు. కానీ అది మామూలు తాళ్ళ సంగతి. ఇది నాన్న తాడు. నాన్న తాడు అబద్ధమాడదు. కాబట్టి అబద్ధమాడుతున్నది ఎదుటివాళ్ళే అయ్యుండాలి. ఎవరికివాళ్ళకి లెక్క తేలిపోయింది.

కోర్టులో కొలతాడు మెడకి చీటీ కట్టి, లక్క సీలు వేసి, సాక్ష్యంగా ఎగ్జిబిట్ చేశారు. విచారణ రోజున, ఎండ కాసే కాలంలో, కోర్టు ఉద్యోగులు దాన్ని టేపు పక్కన పరిచి కొలిచారు. అక్క కొలిచినంతే వచ్చింది. ఆవిడ గెలిచింది. తొట్టిని తన వైపు కలుపుకుని గోడ కట్టించింది. తమ్ముడు అప్పీలుకి వెళ్ళాడు.

అప్పీలు కాపీ వచ్చినరోజు తాళ్ళక్క తన లాయరమ్మ చేత దాన్ని చదివించుకుంది. లాయరమ్మ వయసులో చిన్నదే గానీ గట్టి పిండం. "ప్రతివాది దురుద్దేశంతో తండ్రిగారి కొలతాడును సాగదీసి..." దగ్గర ఆగి మొహంలోకి చూసింది.

"మళ్ళీ చదవమ్మా."

"ఎందుకండీ, అవన్నీ అప్పీల్లో రాసే మామూలు మాటలే."

"చదవమంటున్నానా."

చదివింది. ఆ రోజు నుంచి ఆ మాట ఆవిడ చెవిలో జోరీగలా తిరుగుతూనే ఉంది. ఆమాటకొస్తే ఆవిడ తరఫు కాగితాల్లో "కత్తిరించాడు" అని నల్లగా, స్పష్టంగా ఉంది. అది ఆవిడకి అంతగా గుచ్చుకునేది కాదు. మన నోటి నుంచి వచ్చిన మాట మనకెప్పుడూ మెత్తగానే ఉంటుంది.

గోడకి ఇవతల ఆవిడకి మిగిలింది చక్రం, తొట్టి, మొగుడు. మొగుడు బస్సు కండక్టరుగా చేసి రిటైరైన మెతక మనిషి. చక్రం తిప్పమంటే తిప్పేవాడు, కానీ మధ్యలో స్టాపు వచ్చినట్టు ఆగిపోయేవాడు. చరుపు చరిస్తే, "ఏమైనా అన్నావా?" అని లేచి నడిచి వచ్చేవాడు. గోడకి అవతల తమ్ముడు కరెంటు మోటారు పెట్టుకున్నాడు. మోటారు ఆగదు, అలసిపోదు, చరిస్తే వినదు. ఇద్దరికీ పొట్టి తాళ్ళే దిక్కయ్యాయి. బట్టలారేసుకునే తాళ్ళు, పెట్టెలు కట్టుకునే తాళ్ళు, పిల్లలు ఎగిరే తాళ్ళు. సర్కసు డేరాని నిలబెట్టిన చేతులు పిల్లలు ఎగిరే తాళ్ళు పేనుతున్నాయి. ఆవిడ ఆ సంగతి ఎవరితోనూ అనలేదు. అనకపోతే మాత్రం ఉడికిపోకుండా ఉంటుందా?

అలాంటి సమయంలో బల్లకట్టాయన వచ్చాడు. ఏటి మీద ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకి మనుషుల్నీ బళ్ళనీ దాటించే మనిషి. రెండు ఒడ్లకీ కట్టిన తాడు ఆధారంగానే బల్లకట్టు నడుస్తుంది. ఆ తాడు నాన్న ఉండగా అక్కాతమ్ముళ్ళు పేనిందే.

"అరిగిపోయిందమ్మా. కొత్తది కావాలి. ఒకటే తాడు, అతుకు లేకుండా. అతుకుంటే కప్పీలో ఇరుక్కుంటుంది, జనంతో ఏటి నడిమధ్య నిలబడిపోతాను."

"గోడ కనిపించట్లేదా?" అంది తాళ్ళక్క.

"కనిపిస్తోందమ్మా. మీ తమ్ముడి వైపు నుంచి కూడా చూసొచ్చాను. అటునుంచి చూసినా గోడలాగే ఉంది."

అడగకూడదనుకుంటూనే అడిగింది. "వాడేమన్నాడు?"

"మీరన్నదే. గోడ కనిపించట్లేదా అన్నాడు. మీ ఇద్దరికీ ఏ మాటలోనూ తేడా లేదు, ఎందుకొచ్చిన కోర్టో నాకర్థం కాదు." ఆయన లేచి పంచె దులుపుకున్నాడు. "మీరు షెడ్డు సగం చేసుకున్నారు, సరే. ఏటిని సగానికి తగ్గమంటే తగ్గదు కదా. నైలాన్ తాడు తెచ్చుకుంటాలే. చేతులు జారతాయంటారు, ఏం చేస్తాం."

నైలాన్. ఆ మాట వాకిట్లో అంత మామూలుగా అనేసి వెళ్ళిపోయాడు. తాళ్ళక్కకి తల కొట్టేసినట్టయింది.

ఆ సాయంత్రం గోడ అవతల నుంచి మరదలి గొంతు వినిపించింది. మరదలు కోర్టు మొదలైనప్పటి నుంచి వదినతో మాట్లాడకూడదని మొగుడు పెట్టిన ఆజ్ఞని తు.చ. తప్పకుండా పాటిస్తోంది. వదినతో మాట్లాడదు. గోడతో మాట్లాడుతుంది, కాస్త గట్టిగా.

"ఏమే గోడా, విన్నావా? మా ఆయన బల్లకట్టాయన్ని పంపించేసి వచ్చి అన్నం ముందు కూర్చున్నాడు. ముద్ద ఎత్తలేదు. మోటారు దగ్గరికెళ్ళి దాని మీద ఒక చరుపు చరిచాడు. అదేమైనా మనిషా, జవాబు చెప్పడానికి? నాకు నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. ఎవరికి చెప్పుకోను, నీకే చెప్పుకుంటున్నా."

ఇవతల తాళ్ళక్క తొట్టి అంచు మీద కూర్చుని వింది. గోడకేసి తిరిగి, "గోడకి చెవులున్నాయని చెప్పు మీ ఆయనకి" అంది.

మర్నాడు లాయరమ్మ ఆఫీసుకి వెళ్ళింది.

"వాణ్ణి రాజీకి పిలవమ్మా."

లాయరమ్మ కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది. "అప్పీలు కొట్టేస్తారనే నా నమ్మకం. గెలిచే కేసు. మధ్యలో రాజీ ఎందుకో నాకు చెప్పాలి, లేకపోతే నేను ఒప్పుకోను."

"ఓడిపోయి రాజీకి వెళ్ళడం వేరు. గెలిచి కూర్చుని పిలవడం వేరు. నేను పిలుస్తున్నాను." ఆవిడ వీపు నిటారుగా పెట్టి కూర్చుంది. "మీ కోర్టు నాకు తొట్టి ఇచ్చింది. బాగుంది. వాడన్న మాట వెనక్కి ఇప్పిస్తుందా?"

లాయరమ్మ నిజాయితీగా ఆలోచించింది. "ఇప్పించదు. అప్పీలు కొట్టేసినా ఆ మాట ఫైల్లో అలాగే ఉంటుంది."

"అదీ. నేను పోయాక ఎవరైనా ఆ ఫైలు తీస్తే, ఆ తండ్రి తాడు ఆ కూతురు సాగదీసిందట అని చదువుకుంటారు. తొట్టి వాడికే ఇచ్చేస్తాను. షెడ్డంతా ఇచ్చేయమన్నా ఇస్తాను. ఆ మాట మాత్రం వాడు వెనక్కి తీసుకోవాలి. కోర్టులో, నిలబడి, నోటితో."

లాయరమ్మ కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుంది. "షెడ్డు సంగతి ఎక్కడా నోరు జారకండి. అది నాకు వదిలేయండి" అని ఫోను తీసింది.

తమ్ముడు వచ్చాడు. వెంట వాడి వకీలు, తల పండిన పెద్దమనిషి. అక్కాతమ్ముళ్ళు ఎడమొహం పెడమొహంగా కూర్చున్నారు. ఒకరు కిటికీకేసి, ఒకరు బీరువాకేసి.

"ఆవిడ ముందు కత్తిరించాడన్న మాట వెనక్కి తీసుకోవాలి" అన్నాడు తమ్ముడు బీరువాతో.

"సాగదీసిందన్న మాట ముందు వచ్చింది. ముందు వచ్చిందే ముందు పోవాలి" అంది అక్క కిటికీతో.

"నేను కొలిచాను. తక్కువొచ్చింది. కళ్ళారా చూసింది కాదని ఎలా చెప్పను?"

"నేనూ కొలిచాను. నాకు కళ్ళు లేవా?"

పంచాయితీ అక్కడే చక్రంలా తిరిగింది. పెద్ద వకీలు గడియారం చూసుకున్నాడు. అప్పుడు లాయరమ్మ తలెత్తి, "మీరిద్దరూ ఆ తాడు చేత్తో పట్టుకుని ఎన్నాళ్ళయింది?" అని అడిగింది.

ఇద్దరూ ఆలోచించారు. కేసు పడ్డాక దాన్ని ఎవరూ ముట్టుకోనివ్వలేదు. సీలు, చీటీ, రికార్డు రూము. విచారణలో కూడా కోర్టువాళ్ళే కొలిచారు, వీళ్ళు దూరం నుంచి చూశారు.

పెద్ద వకీలు పెద్దగా నవ్వాడు. "బాగుంది! తాళ్ళ కేసులో తాళ్ళవాళ్ళ చేతికి తాడు ఇవ్వకుండా ఇన్నాళ్ళూ వాదించాం. మనిద్దరం కలిసి ఒక అర్జీ పెడదామమ్మాయ్."

అర్జీ పెట్టారు, అనుమతి వచ్చింది. వాళ్ళు కోర్టుకి వెళ్ళిన రోజు వాన ఒకటే కురుస్తోంది. రికార్డు రూము పైకప్పు ఒక మూల కారుతోంది, ఆ కారే మూలనే నాన్న కొలతాడు ఉంది. రికార్డు గుమాస్తా మొహమాటపడుతూ సీలు విప్పి, తాడు చుట్ట తెచ్చి వరండాలో పెట్టాడు.

తాళ్ళక్క వంగి ఒక కొస అందుకుంది. తమ్ముడు రెండో కొస అందుకున్నాడు. ఎవరూ చెప్పలేదు, ఎవరూ అనుకోలేదు. వాడు నిలబడ్డాడు, ఆవిడ వెనక్కి వెనక్కి నడవడం మొదలుపెట్టింది. వరండాలో బెంచీల మీద కూర్చున్న జనం కాళ్ళు ముడుచుకున్నారు. ఫైళ్ళ దొంతరతో వస్తున్న ప్లీడరొకాయన తాడు దాటబోయి, ఆవిడ చూపు చూసి ఆగిపోయాడు. ఆవిడ వరండా చివరిదాకా వెళ్ళి నిలబడింది. చేతిలో ఇంకా చుట్ట మిగిలే ఉంది.

అప్పుడు తాడు వంక చూసింది. కొస మీద ఎర్ర దారం కట్టు. నాన్నది ఎడమచేతి వాటం, దారం అందరికీ తిరిగే వైపు కాకుండా అటు తిప్పి కట్టేవాడు. ఆ కట్టు ఇంకెవరికీ రాదు. ఈ కొసన ఉంది. వాడి చేతిలో ఉన్న కొసన కూడా అదే ఎర్ర రంగు ఇంత దూరం నుంచీ కనిపిస్తోంది. కత్తిరించిన తాడుకి రెండు కొసలా నాన్న కట్టు ఎలా ఉంటుంది?

వాడు కత్తిరించలేదు.

బొటనవేలితో పురి తడిమి చూసింది. నాన్న ఎక్కించినంత బిగువుగానే ఉంది. సాగదీసిన తాడుకి పురి సడలుతుంది. ఇది సడలలేదు. ఆ సంగతి తమ్ముడి వేలుకి కూడా ఈపాటికి తెలిసే ఉండాలి. వాడి వేలు అంత మొద్దువేలేం కాదు, నేర్పింది తనే.

ఇంకో సంగతి కూడా ఆవిడ అరచేతికి తెలిసింది. తాడు తడిగా ఉంది. నూనె వాసన లేదు, జిడ్డు లేదు. తడిని ఆపే ఆ నూనె లేకపోతే ఇది ఉత్త తాడు. సంతలో దొరికే ఏ తాడులాగైనా నీళ్ళు తాగి బిగుసుకున్న తాడు.

సరిగ్గా అప్పుడే తాడు మీద ఒక్క చరుపు తగిలింది.

ఉన్నావా?

ఎన్నాళ్ళయింది ఆ చరుపు తగిలి! చేతి నుంచి భుజం దాకా పాకింది. వరండా అటు చివర చిన్నోడు తలొంచుకుని నిలబడ్డాడు, తాడు మీద చెయ్యి తియ్యలేదు. ఆవిడ చెయ్యి దానంతట అదే లేచింది. రెండు చరుపులు. ఎంతసేపు పని? కానీ ఆవిడ చెయ్యి ఆపుకుంది. కళ్ళు చెమ్మగిల్లినా పంతం పంతమే. ఆ మాట కోర్టులో అన్నాడు, కోర్టులోనే తియ్యాలి. అప్పటిదాకా జవాబు లేదు.

తాడు చుట్టుకుంటూ వాడి దగ్గరికి నడిచి వచ్చింది.

"నాన్న పోయాక దీనికి నూనె ఎవరు పెట్టారు?" అంది. కిటికీతో కాదు, వాడితోనే.

"నువ్వు పెడతావనుకున్నాను" అన్నాడు తమ్ముడు. "నాన్న తాడు. నేను ముట్టుకుంటే నువ్వు ఊరుకుంటావా?"

"నేను నువ్వు పెడతావనుకున్నాను. కొడుకువి కదా."

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"నేను ఎండల్లో కొలిచాను" అంది అక్క.

"నేను ముసురులో కొలిచాను" అన్నాడు తమ్ముడు. "అంతే కదూ? ఇంత చిన్న సంగతి..."

"బయట ఎక్కడా అనకు. నలుగురికీ తెలిస్తే మన దగ్గర తాడు కొనేవాడుండడు."

పెద్ద వకీలు ఆ మాట విని నవ్వాపుకోలేక రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. లాయరమ్మ నవ్వలేదు. ఆవిడకి అప్పటికే రాజీ పత్రం కళ్ళముందు కనిపిస్తోంది.

అది రాయడం మాత్రం అంత సులువుగా కాలేదు. హద్దు ఎక్కడ పెట్టాలన్నది మళ్ళీ మొదటికొచ్చింది. తొట్టి నీకే అంటుంది అక్క. నాకొద్దు నీకే అంటాడు తమ్ముడు. ఇదివరకు లాక్కోవడానికి పడిన పంతం ఇప్పుడు ఇచ్చుకోవడానికి పడ్డారు. పొగరు అదే, ముఖం తిప్పిందంతే. ఈసారి లాయర్లిద్దరికీ నిజంగా ఓపిక నశించింది.

"సరే, ఇలా రాస్తాను" అని లాయరమ్మ కలం తీసింది. "కొలతాడు తడిసినప్పుడు ఎక్కడిదాకా వస్తుందో అక్కడిదాకా అక్కది. ఎండినప్పుడు ఎక్కడిదాకా వస్తుందో దాని అవతల నుంచి తమ్ముడిది. ఈ రెంటి మధ్య ఉన్న జాగా ఇద్దరిదీ. దాని మీద ఎవరూ, ఎప్పుడూ, ఏ గోడా కట్టకూడదు."

"వానకి ఒకలా ఎండకి ఒకలా జరిగే హద్దుని జడ్జిగారు ఒప్పుకుంటారంటావా?" అన్నాడు పెద్ద వకీలు.

"రెండు చోట్లా రాళ్ళు పాతిద్దాం, అవి జరగవు."

గోడ ఉన్నది సరిగ్గా ఆ మధ్య జాగాలోనే. ఎవరూ ఆ మాట అనలేదు. అనవలసిన అవసరం రాలేదు.

అప్పీలు పిలిచిన రోజున కోర్టు హాలు నిండుగా ఉంది. మరదలు కూడా వచ్చి వదిన పక్కనే కూర్చుంది. ఆజ్ఞ సంగతేమిటని వదిన కనుబొమ్మ ఎగరేస్తే, "ఇక్కడ గోడ లేదు కదా వదినా, ఎవరితో మాట్లాడను మరి" అంది.

జడ్జిగారు రాజీ పత్రం చదివారు. హద్దు గురించి రాసిన చోట ఆగి, మళ్ళీ చదివి, కళ్ళజోడు మీదుగా ఇద్దరినీ చూశారు. "ఇది ఇద్దరికీ అర్థమయ్యే రాసుకున్నారా?"

"అయిందండీ."

"పరస్పరం చేసుకున్న ఆరోపణలు స్వయంగా ఉపసంహరించుకుంటామని ఉంది. ముందు ఎవరు?"

పెద్ద వకీలు తమ్ముడి వంక చూశాడు. లాయరమ్మ తాళ్ళక్క వంక చూసి, తొందరేం లేదన్నట్టు చెయ్యి కదిపింది. అప్పీలు వాడిది, కాబట్టి వాడే ముందనాలి. ఆవిడ ఇన్నాళ్ళూ పట్టుబట్టిందీ అందుకే. వాడు నోరు తెరవబోయాడు. మాట రాలేదు. చిన్నప్పుడు తప్పు చేసి నాన్న ముందు నిలబడ్డప్పుడు కూడా వాడి మొహం ఇలాగే ఉండేది. అప్పుడు వాడి ముందుకొచ్చి నిలబడ్డది ఎవరు?

తాళ్ళక్క లేచింది. వీపు నిటారుగా పెట్టి, తల ఎత్తి, నడిచి వెళ్ళి తమ్ముడి పక్కన నిలబడింది.

"పెద్దదాన్ని నేనండీ. ముందు నేనే చెప్తాను. మా తమ్ముడు మా నాన్న తాడు కత్తిరించలేదు. కత్తిరించాడని నేనన్న మాట తప్పు. వాడు తాడు మీద కత్తి పెట్టే రకం కాదు. నేను పెంచాను, నాకు తెలుసు. రాసుకోండి."

ఆవిడ గొంతు ఎక్కడా తగ్గలేదు. తప్పు ఒప్పుకుంటున్నట్టు లేదు, బిరుదు ఇస్తున్నట్టుంది.

అప్పుడు తమ్ముడికి మాట వచ్చింది. కాస్త పెద్దగానే వచ్చింది.

"మా అక్క తాడు సాగదీయలేదండీ. ఏ తాడూ ఎప్పుడూ సాగదీయలేదు. మా అక్క పేనిన తాడు ఈ చుట్టుపక్కల ఎక్కడైనా తెగిందేమో అడగండి. అలాంటి మనిషిని నేను ఆ మాటన్నాను. నేనన్నది అబద్ధం. అది కూడా రాసుకోండి, పెద్ద అక్షరాలతో."

"మా దగ్గర అన్నీ ఒకే సైజు అక్షరాలండీ" అన్నారు జడ్జిగారు. కానీ టైపిస్టు కేసి తిరిగి, ప్రతి మాటా ఉన్నదున్నట్టు చెప్పి రాయించారు. అక్కాతమ్ముళ్ళు సంతకాలు చేశారు. రాజీ ప్రకారం అప్పీలు ముగిసింది.

కోర్టు బయట లాయరమ్మ తాళ్ళక్కకి నకలు చేతిలో పెట్టి, "అడిగింది వచ్చిందిగా?" అంది.

"వచ్చింది" అంది తాళ్ళక్క. "నువ్వు కూడా మంచి పనిమంతురాలివేనమ్మా. ఆ మధ్య జాగా అతుకు కనపడకుండా కలిపావు." ఆవిడ ఇంకొకరి పనితనాన్ని మెచ్చుకోవడం బస్సు కండక్టరు మొగుడు వినడం అదే మొదటిసారి. ఆయన ఇంటిదాకా ఆ సంగతే చెప్పుకుంటూ వచ్చాడు.

గోడ తమ్ముడే పడగొట్టాడు. కూలీలని పెడదామంటే వినలేదు. ఇటుకలు తొట్టి చుట్టూ అరుగులా పేర్చారు. మోటారుని మరదలు గోనెపట్టా కప్పి మూల పెట్టింది. ఎక్కువ మాట్లాడదు కాబట్టి దాని మీద తనకేమీ కోపం లేదంది. కొలతాడుని అక్కాతమ్ముళ్ళిద్దరూ కలిసి వేడి నూనెలో ఊరబెట్టి, నీడలో ఆరబెట్టి, మేకుకి తగిలించారు.

తర్వాత బల్లకట్టాయనకి కబురు వెళ్ళింది, నైలాన్ తాడు తీసి అవతల పారేయమని.

ఆ పొద్దున తాళ్ళక్క మంచి నార ఏరి నడుముకి చుట్టుకుంది. బల్లకట్టాయన అరుగు మీద కూర్చుని చూస్తున్నాడు. తమ్ముడు చక్రం దగ్గర నిలబడ్డాడు. ఆవిడ కొక్కేనికి కొస తగిలించి, చక్రం నెమ్మదిగా తిరుగుతుంటే, వేళ్ళ సందున నార వదులుతూ వెనక్కి నడవడం మొదలుపెట్టింది. తొట్టి దాటింది. గోడ ఉన్నచోట మడమ ఒక్క క్షణం తడబడింది. ఇన్నాళ్ళూ అక్కడ ఆగిన అలవాటు. ఆగలేదు, దాటింది. వెనక గోడకి వీపు తగిలేదాకా వెళ్ళింది. అక్కణ్ణుంచి చూస్తే చిన్నోడు ఆకారమే తప్ప మొహం ఆనడం లేదు.

చక్రం ఆగింది. అసలు పురి ఎక్కించే ముందు వాడు ఆగి కాసుకుని ఉన్నాడు. కోర్టు వరండాలో జవాబు రాని సంగతి వాడు మర్చిపోలేదని ఆవిడకి తెలుసు. ఆవిడా మర్చిపోలేదు.

నార మీద ఒక్క చరుపు తగిలింది. కాస్త మెత్తగా, భయపడుతూ.

తాళ్ళక్క తల ఎగరేసింది. షెడ్డు రేకులు వినేంత గట్టిగా రెండు చరిచింది.

చక్రం కదిలింది.

అరుగు మీద బల్లకట్టాయన ఊరుకోలేక, "ఏటికి సరిపోతుందంటావా?" అని చక్రం దగ్గరికి కేక వేశాడు.

"నీ ఏరే చిన్నదవుతుందేమో చూసుకో" అన్నాడు తమ్ముడు చక్రం తిప్పుతూ. "అటు చివర మా అక్క ఉంది."

చక్రం మోతలో ఆ మాట ఆవిడకి వినపడలేదు. చేతిలో నార బిగువెక్కుతోంది, ఆవిడకి అది చాలు.